పెట్టె ఫోటోలో పిల్ల

మొన్న వేసవి మొదట్లో ఒక అమ్మాయి తెనాలిలో మా ఇంటికి వచ్చింది. గుమ్మంలో చెప్పులు విప్పుతూనే, "ఆంటీ, మీ ఇంట్లో పెట్టె ఫోటో ఉందటండి, చూడొచ్చా?" అంది. పేరు చెప్పలేదు, ఎవరు పంపారో చెప్పలేదు, మంచినీళ్లు కూడా అడగలేదు. వీపున సంచి, చేతిలో కెమెరా స్టాండు, మెడదాకా కత్తిరించుకున్న జుట్టు. ఉద్యోగమంతా బళ్లో తెలుగు చెప్పి, నాలుగు కథల పుస్తకాలు అచ్చు వేయించుకున్నదాన్ని. మర్యాదల విషయంలో నాకు పట్టింపు ఎక్కువ. "ఎవరమ్మా నువ్వు? ఎవరింటికి వచ్చావో తెలుసా?" అని గట్టిగానే అడిగాను. "తెలుసండి. సలోమి వాళ్లింటికి," అంది.

సలోమి మా అక్క. తొమ్మిదో ఏట పోయింది. అది పోయి యాభై ఏళ్లు దాటింది. ఈ ఇల్లు నా జీతంతో నేను కట్టుకున్నది, కరెంటు బిల్లు నా పేరున వస్తుంది, అయినా ఆ పిల్లకి ఇది సలోమి ఇల్లే. నిజం చెప్పాలంటే మా అమ్మకీ అంతే. ఎనభై ఎనిమిదేళ్ల వయసులో, ముందు గదిలో మంచం మీద కూర్చుని, ఎదురుగా గోడ మీదున్న ఆ ఫోటోతో ఆవిడ మాట్లాడినన్ని మాటలు నాతో ఎన్నడూ మాట్లాడలేదు.

తెలియనివాళ్ల కోసం చెబుతున్నాను. మా క్రైస్తవ కుటుంబాల్లో మనిషి పోతే, పెట్టెలో పడుకోబెట్టి, తెల్లబట్టలు వేసి, ముక్కులో దూది పెట్టి, మూత వేసేముందు చుట్టూ బంధువులందరూ నిలబడి ఫోటో తీయించుకుంటారు. సమాధుల తోటకి బయలుదేరే ముందు పాస్టరుగారు ప్రార్థనకి తొందరపెడుతున్నా సరే, ఆ ఫోటో కానిదే పెట్టె లేవదు. దూరాన ఉండి అందుకోలేకపోయినవాళ్లకి అదే ఆఖరి చూపు. తర్వాత జరిగే ఆదరణ కూడికలో దాన్నే ఫ్రేము కట్టి, పూలు పెట్టి బల్ల మీద ఉంచుతారు. ఆ ఫోటో లేకపోతే మనిషిని సరిగ్గా సాగనంపలేదని చుట్టాలు జీవితాంతం దెప్పుతారు. ఇప్పుడు అందరి చేతుల్లో ఫోన్లున్నాయి కాబట్టి ఆ పట్టింపు సడలింది గాని, మా చిన్నప్పుడు రేపల్లెలో ఫోటో తీయడానికి మనిషి రాలేదని శవాన్ని సాయంత్రందాకా ఎండలో ఉంచిన ఇళ్లు నాకు తెలుసు.

ఆ అమ్మాయి పేరు లహరి. కర్లపాలెం దగ్గర రైతుల పిల్ల. బొమ్మలు వేయడం చదువుకుని, సినిమాలు తీస్తోంది. సినిమా అంటే నేను అనుకున్న సినిమా కాదు. వెనక జనం లేరు, లైట్లు లేవు, కథ లేదు. తనే బస్సెక్కి వెళుతుంది, తనే తీస్తుంది, తనే కోసి అతుకుతుంది, బాపట్లలో ఏదో హాలు దొరికితే దుప్పటి కట్టి పదిమందికి చూపిస్తుంది. "మా ఇళ్లల్లో బతికుండగా తీసిన ఫోటోకి దండేస్తామండి. మీరేమో మనిషి పోయాక తీసిన ఫోటోకి ఫ్రేము కడతారు. చుండూరులో మా ఫ్రెండు వాళ్లింట్లో టీవీ పైన మొదటిసారి చూశానండి. అప్పట్నుంచీ ఇదే పని," అంది. అప్పటికి పాతిక ఇళ్లు తిరిగిందట. ఆ ఇళ్లల్లో చేసేది ఒకటే. ఇంటి మనిషిని కుర్చీలో కూర్చోబెట్టి, పోయినవాళ్ల ఫోటోని గుండెకి ఆనించి పట్టుకోమంటుంది. కెమెరా స్టాండు మీద పెట్టి పది నిమిషాలు ఊరుకుంటుంది. ప్రశ్నలు లేవు. "మొదట అందరూ ఫోటోకి కూర్చున్నట్టు బిగుసుకుని కూర్చుంటారండి. ఎప్పుడో ఒకప్పుడు కదులుతారు. చెయ్యి జారుద్ది, పెదవి వణుకుద్ది, ఎవరో ఒకరు ఆవలిస్తారు. అక్కణ్ణుంచే నా సినిమా."

నాకు నవ్వొచ్చింది. నవ్వాను కూడా. "ఊరికే కూర్చోబెట్టి తియ్యడానికి అంత చదువెందుకమ్మా?" అన్నాను. ఆ అమ్మాయి ఏమీ నొచ్చుకోలేదు. సంచిలోంచి ఒక అట్టపుస్తకం, బొగ్గుముక్క తీసి, అమ్మ మంచం పక్కన నేల మీద చతికిలబడి, గోడ మీది ఫోటోని గీయడం మొదలుపెట్టింది. అది ఆమె పద్ధతిట. కెమెరా తెరిచే ముందు ప్రతి ఫోటోనీ చేత్తో గీస్తుంది. గీస్తే తప్ప తనకి కనపడదంటుంది. అమ్మ మురిసిపోయింది. "మా సలోమమ్మా. ఎంత ప్రశాంతంగా పడుకుందో చూడు. నిద్రపోతున్నట్టే ఉంటది," అని తనకి అలవాటైన మాటలన్నీ వరసగా చెప్పింది. గంటసేపు ఆ బొగ్గు గరగరలాడింది. తర్వాత లహరి పుస్తకం మూసి, వంటింట్లో కాఫీ కలుపుతున్న నా దగ్గరికి వచ్చి, గొంతు తగ్గించి, "ఆంటీ, ఇప్పటికి పాతికమంది చనిపోయినవాళ్లని గీశానండి. ఎవరికీ కనుబొమల మధ్య ముడి లేదు. ఈ పాపకి ఉంది," అంది.

పాలు పొంగి స్టవ్ మీద పడ్డాయి. గుడ్డ తీసుకుని తుడిచాను. ఏభై ఏళ్లకి పైగా ఎందరో ఆ ఫోటో ముందు కన్నీళ్లు పెట్టారు. ఒక్కరూ ఆ ముడి చూడలేదు. కర్లపాలెం నుంచి బస్సులో వచ్చిన పిల్ల గంటలో చూసింది. ఆ ముడి నాది.

మా నాన్న రేపల్లెలో ఫోటోగ్రాఫరు. బజారులో ముందుగది స్టూడియో, వెనకగది డార్క్ రూము, దాని వెనక మేము. ఇంట్లో ఏ మూల నిలబడినా ఫోటోలు కడిగే హైపో మందు వాసన. అమ్మ చేపల పులుసు పెట్టిన రోజు కూడా ముద్ద నోట్లో పెట్టుకుంటే ముందు ఆ పుల్లటి ఘాటే తగిలేది. నాన్న గోళ్లు ఎప్పుడూ గోధుమరంగులో ఉండేవి. పొద్దున్నే నిలబడే మజ్జిగన్నం తినేవాడు, కూర్చుంటే ఇస్త్రీ పంట్లాం నలుగుతుందని. చర్చిలో గొంతెత్తి పాడేవాడు, పేదవాళ్ల పెట్టె ఫోటోలకి ఊళ్లు పట్టుకు తిరిగేవాడు, అందరూ ఆయన్ని మంచివాడనేవారు. బయట అంత మంచితనం ఖర్చుపెట్టి వచ్చే మనిషికి ఇంట్లో మిగిలేది ఏమీ ఉండేది కాదు.

ఆయనకి ఒకే ఒక్క శత్రువు, కదలిక. ఆ రోజుల్లో గదిలో ఫోటో తీయాలంటే కెమెరా కన్ను కాసేపు తెరిచే ఉంచాలి. ఎదటి మనిషి కదిలితే ముఖం అలుక్కుపోతుంది, ఫిలిం దండగ. అందుకని శనివారం మధ్యాహ్నాలు, బేరాలు లేని వేళ, అక్కనీ నన్నూ స్టూలు మీద పక్కపక్కన కూర్చోబెట్టి అలవాటు చేయించేవాడు. కెమెరాలో ఫిలిం ఉండేది కాదు. ఆయన ఒకటి నుంచి ఇరవై దాకా లెక్కపెడతాడు, మేము రెప్ప వేయకూడదు. కదిలితే మందునీళ్లలో తడిసిన చేత్తో మెడ మీద ఒకటి వేసేవాడు. తడిచేతి దెబ్బ చురుక్కుమంటుంది, మచ్చ మిగలదు. సలోమి ఏడు దాటి ఎన్నడూ వెళ్లలేదు. ఆరు దగ్గర పెదవులు బిగించేది, ఏడు దగ్గర ఫక్కుమనేది. దెబ్బ తిని కూడా నవ్వేది. ముందరి పన్ను ఒకటి విరిగి ఉండేది దానికి, మామిడికాయకి రాయి విసరబోయి తనే తగిలించుకుంది. నేను ఇరవై కాదు, యాభై అయినా కూర్చునేదాన్ని. ఊపిరి పైపైన తీసుకుని, కనుబొమల మధ్య కొంచెం బిగిస్తే రెప్ప పడదని నాకు నేనే కనిపెట్టుకున్నాను.

స్టూడియో బయట గాజు అల్మరాలో నమూనాకి పెట్టిన ఫోటో నాదే. సలోమి ఫోటో ఒక్కటీ లేదు. తీసినవన్నీ అలుక్కుపోయేవి. నాన్న వాటిని దాని కళ్లముందే చింపి, "చూడవే, నీకు మొహమే లేదు," అనేవాడు. ఒకసారి అది ఆ ముక్కలు ఏరుకొచ్చి నాకు చూపించి, "ఇక్కడ నా ముక్కు ఉంది, ఇక్కడ నా చెవి ఉంది," అని వెతుక్కుంది. అప్పుడు దానికి నవ్వు రాలేదు. నాకు వచ్చింది. చెప్పకుండా ఏం లాభం, శనివారం దానికి దెబ్బ పడే చప్పుడంటే నాకు ఇష్టంగా ఉండేది. అమ్మ దాన్ని ఒళ్లోకి లాక్కుని మెడ మీద కొబ్బరినూనె రాసేది. కదలకుండా కూర్చున్న పిల్లకి నూనె అవసరం ఉండదు. ఇరవై దాకా బిగబట్టుకున్నందుకు నాకు దొరికింది గాజు అల్మరా. కదిలినందుకు దానికి అమ్మ ఒడి దొరికింది.

వానలు మొదలైన రోజుల్లో సలోమికి జ్వరం పట్టుకుంది. వారం దాటినా దిగలేదు. బాపట్లలో మంచి డాక్టరున్నాడని మా మావయ్య కబురు పెడితే అమ్మ దాన్ని తీసుకుని వెళ్లింది. బస్సెక్కేటప్పుడు అది నా వైపు చూసి, శనివారం నాన్న లెక్కపెట్టేటట్టు వేళ్లు చూపించింది, ఏడు దాకా. నాలుగో రోజు మధ్యాహ్నం కారులో వెనక్కి వచ్చారు. అమ్మ ముందు దిగలేదు. డ్రైవరు దిగి నాన్నని పక్కకి పిలిచాడు.

మర్నాడు పది గంటలకి భూస్థాపన అన్నారు. వేరే ఫోటోగ్రాఫరుని పిలుద్దామని మావయ్య అంటే నాన్న ఒప్పుకోలేదు. "నా బిడ్డ ఫోటో ఇంకోడు తియ్యడమేంటి?" అన్నాడు. వాకిట్లో స్టాండు వేసి కెమెరా బిగించాడు. క్రిస్మస్‌కి మా ఇద్దరికీ ఒకే తానులో కుట్టించిన తెల్ల గౌనుల్లో దాని గౌను దానికి వేశారు. నన్ను పెట్టె తల దగ్గర నిలబెట్టారు. అమ్మ పెట్టె మీద పడి ఏడుస్తుంటే నాన్న కెమెరా వెనకనుంచే, "ఏడవమాక, కదిలిపోద్ది. కాసేపు ఆగు, తర్వాత ఏడుద్దువుగాని," అన్నాడు. అమ్మ ఆగలేకపోయింది. ఆయన మళ్లీ నొక్కాడు. అమ్మమ్మ సొమ్మసిల్లింది, మళ్లీ నొక్కాడు. మావయ్య పట్టుకోబోయాడు, మళ్లీ. జనం అటూ ఇటూ ఊగిపోతున్నారు. నేను శనివారం కూర్చున్నట్టే నిలబడ్డాను. పన్నెండుసార్లు నొక్కాడు. పాస్టరుగారు వచ్చి ఆయన భుజం మీద చెయ్యి వేసేదాకా నొక్కుతూనే ఉన్నాడు.

ఆ కెమెరాలో ప్రతి ఫోటోకీ పక్కనున్న బుడిపె తిప్పి ఫిలిం జరపాలి. లేకపోతే దాని మీదే ఇంకొకటి పడుతుంది. పసిపిల్లవాడికి కూడా తెలిసిన సంగతి. ఎందరి పెట్టెల ముందో నిబ్బరంగా నిలబడ్డ మా నాన్న, తన కూతురి పెట్టె ముందు ఒక్కసారి కూడా ఆ బుడిపె తిప్పలేదు. మర్నాడు పొద్దున్న డార్క్ రూములోంచి కడిగిన ఫిలిం రోలు పట్టుకుని బయటికొచ్చినప్పుడు చూశాను. ఒక గడి బొగ్గులా నల్లగా ఉంది, మిగతా రోలంతా ఖాళీ. పన్నెండూ ఒకదాని మీద ఒకటి పడ్డాయి. ఆ నల్ల గడిని ఆయన ప్రింటు వేసి చూశాడు, వెలుతురు దూరక కాగితం తెల్లగా వచ్చింది. మళ్లీ వేశాడు, మళ్లీ తెల్లగానే. ఆదరణ కూడిక మర్నాడే. అమ్మ వెనకగదిలోంచి అప్పటికి మూడుసార్లు అడిగింది, "ఏవండీ, బిడ్డ ఫోటో వచ్చిందా?" అని.

"వస్తోంది," అన్నాడు. నన్ను పిలిచి స్టూడియో తలుపు గడియ వేశాడు.

నా క్రిస్మస్ గౌను అప్పటికే తెచ్చి బల్ల మీద పెట్టి ఉంది. అది వేసుకోమన్నాడు. బెంచీ మీద తెల్లదుప్పటి పరిచి పడుకోబెట్టాడు. అమ్మ పౌడరు డబ్బా తెచ్చి ముఖానికి, పెదవులకి మందంగా పూశాడు. ముందురోజు పెట్టె చుట్టూ మిగిలిన పూలు, వాడిపోయినవి, నా భుజాల పక్కన సర్దాడు. ముక్కులో దూది పెట్టాడు. దూది పెట్టాక నాకు అర్థమైంది. నేను లేవబోయాను. ఆయన కొట్టలేదు. చేతులు ఆరి ఉన్నాయి ఆ రోజు. నా ముఖం దగ్గరికి వంగి, "అది ఒక్క ఫోటోకీ కుదురుగా లేదు. నువ్వుంటావు. రెప్ప కదిలిందంటే తోలు తీస్తా. అమ్మకి చెప్పావంటే అమ్మ కూడా చచ్చిపోద్ది, నీ వల్ల," అన్నాడు. నేను నోటితో ఊపిరి బిగబట్టి, కనుబొమల మధ్య కొంచెం బిగించాను. లైట్ల వేడికి పౌడరు కింద చెమట పట్టింది. మూడు తీశాడు. మూడింటికీ బుడిపె తిప్పిన చప్పుడు నాకు వినపడింది.

ఆదరణ కూడికలో ఆ ఫోటో బల్ల మీద ఉంది. నేను రెండో వరసలో చాప మీద కూర్చుని, నన్ను చూసి ఏడుస్తున్నవాళ్లని చూశాను. అమ్మ ఫ్రేముని గుండెకి పొదువుకుని, "ఎంత ప్రశాంతంగా ఉన్నావే నా తల్లీ," అంది. అక్కాచెల్లెళ్లది ఒకటే పోలికని చుట్టాలన్నారు. మాది ఒకటే పోలిక కాదు. అయినా పౌడరు పూసి కళ్లు మూయించిన పిల్లని ఎవరు నిదానించి చూస్తారు? కళ్లనిండా నీళ్లున్నవాళ్లకి ఏం కనపడుతుంది? అమ్మకైనా తెలియాల్సింది. తెలియలేదు. నాన్న మీద కోపం నాకు ఆయన పోయిన రోజున ఆయన పెట్టె పక్కన నిలబడి ఫోటో దిగుతుంటే చల్లారిపోయింది. అమ్మ మీద ఉన్నది మాత్రం ఇంకా చల్లారలేదు.

ఆ తర్వాత మా ఇంట్లో సాయంత్రం ప్రార్థన ఆ ఫోటో కిందే. అమ్మ ముందు పైటచెంగుతో అద్దం తుడిచేది, ముద్దు పెట్టుకునేది, తర్వాత పాట ఎత్తుకునేది. నేను నా శవం కింద నిలబడి ఆమెన్ చెప్పేదాన్ని. పెద్దదాన్నయ్యాక నా జడ వేస్తూ, అద్దంలో నన్నూ గోడ మీద దాన్నీ మార్చి మార్చి చూసి, "దాని మొహంలో కళ నీకు రాలేదే," అనేది. పెళ్లిచూపులకి వచ్చినవాళ్లకి ముందు ఆ ఫోటో చూపించి, పెద్దది ఉంటే ఇంకా బాగుండేదని చెప్పేది. నాకు పదో తరగతిలో బహుమతి వస్తే, సలోమి ఉంటే దానికీ వచ్చేదంది. నా ముఖంతోనే నన్ను కొట్టేది. నేను నాలుగు పుస్తకాల నిండా ఎవరెవరి బాధలో రాశాను. ఇది రాయలేదు. నాన్న చెప్పినట్టు కదలకుండా ఉన్నాను.

ఇదంతా లహరికి ఆ రోజే వంటింట్లో చెప్పేశాను. ఎందుకు చెప్పానో తెలియదు. ముడి చూసినందుకేమో. ఆమె ఓదార్చలేదు, అయ్యో అనలేదు. "ఆ నల్ల నెగటివ్ ఉందాండీ?" అంది. నాకు ఒళ్లు మండింది. మనిషి కడుపు చించి చూపిస్తే ఈ పిల్లకి ఫిలిం కావాలి. అయినా నాన్న రేకుపెట్టె అటక మీద నుంచి దింపించాను. చెడిపోయిన ప్రతి ఫిలిమూ చింపి పారేసిన మనిషి, ఆ ఒక్క గడినీ కవరులో పెట్టి, పైన పెన్సిలుతో "సలోమి" అని రాసి ఉంచాడు. లహరి దాన్ని కిటికీ వెలుతురుకి పెట్టి చూసింది. నలుపు తప్ప ఏమీ లేదు. "నల్లగా ఉందంటే ఏమీ పడలేదని కాదండి. బాగా ఎక్కువ పడిందని. పట్టుకెళతాను," అంది. పట్టుకెళ్లింది.

రెండు వారాల తర్వాత ఒక పొద్దున పెద్ద కవరుతో వచ్చింది. నెగటివ్ వెనక బలమైన లైటు పెట్టి, ముక్కలు ముక్కలుగా కంప్యూటరులోకి ఎక్కించి, రోజుల తరబడి తవ్విందిట. నాన్న బల్బుకీ ఆయన కాగితానికీ లొంగనిది దీనికి లొంగింది. ఆమె ప్రింటుని నా ఒళ్లో పెట్టింది. మొదట పొగమంచు. వాకిలంతా పొగ, పొగలో చేతులు, చీర అంచులు. అమ్మ లేదు, అమ్మమ్మ లేదు, మావయ్య లేడు. పన్నెండుసార్లూ కదిలినవాళ్లంతా చెదిరిపోయారు. మధ్యలో రెండు ముఖాలు మాత్రం గీసినట్టు స్పష్టంగా ఉన్నాయి. పెట్టె తల దగ్గర నిలబడిన ఏడేళ్ల పిల్ల, కనుబొమల మధ్య ముడితో. పెట్టెలో సలోమి.

వెడల్పు నుదురు. నా ముక్కు కాదు. కొద్దిగా విడివడిన పెదవుల మధ్య విరిగిన పన్ను. దాని ముఖం ఎలా ఉంటుందో నేను మరిచిపోయానని నాకు అప్పటిదాకా తెలియదు. మా నాన్న అన్నేళ్లు కొట్టి సాధించలేనిది అది చచ్చి సాధించింది, పన్నెండుసార్లు రెప్ప వేయకుండా. నేను ఏడ్చాను. దానికోసం ఏడవడం నాకు అదే మొదలు. లహరి కెమెరా తీయలేదు, అందుకు ఆమెకి రుణపడి ఉన్నాను.

"మామ్మగారికి చూపిద్దామాండీ? మీ ఇష్టం. వద్దంటే ఇది మీ దగ్గరే ఉంచేస్తాను," అంది. చూపించాలనే అన్నాను. అమ్మకి బిడ్డ అసలు ముఖం చూపించాలన్న దయతో కాదు. నాకు అరవై దాటినా, మా అమ్మ ఒక్కసారి ఆ గోడ మీది పిల్లనీ నన్నూ కలిపి చూసి, ఇన్నాళ్లూ నిన్నా నేను ముద్దుపెట్టుకున్నది అనాలని. అలా అన్నప్పుడు ఆవిడ ముఖం ఎలా ఉంటుందో చూడాలని. ఆవిడ గుండె ఆగిపోయినా సరేనని ఆ నిమిషంలో అనుకున్నాను.

అమ్మకి చెవులు కొంచెం మందం గాని కళ్లకి ఆపరేషను అయ్యాక చూపు బాగుంది, మతి నాకన్నా బాగుంది. ప్రింటుని కిటికీ వైపు తిప్పి పట్టుకుని చాలాసేపు చూసింది. వేలు పొగ మీదుగా జరుగుతూ వెళ్లి ఒకచోట ఆగింది. ముఖం విప్పారింది.

"ఇదిగో, నా సలోమి. నిలబడి ఉంది చూడు. ఇది ఎప్పుడు తీశారే, నాకు చూపించలేదు?"

వేలు నా మీద ఉంది.

"అది నేనమ్మా. పెట్టెలో ఉన్నది సలోమి," అన్నాను.

అమ్మ పెట్టెలోని ముఖాన్ని చూసింది. గోడని చూసింది. మళ్లీ ప్రింటుని చూసింది. "ఎవరి పిల్లో ఇది. పాపం, పన్ను కూడా విరిగింది. ఏ చుట్టాల భూస్థాపనకో మన సలోమిని తీసుకెళ్లినప్పటిది అయ్యుంటది," అంది.

"పన్ను విరిగింది ఎవరికమ్మా? మామిడికాయకి రాయి విసిరింది ఎవరు?"

"నువ్వే," అంది తడుముకోకుండా.

అప్పుడు మొత్తం చెప్పాను. బుడిపె, తెల్ల కాగితం, గడియ, గౌను, పౌడరు, దూది. ఆవిడకి వినపడేట్టు గట్టిగా, ఒక్కొక్క మాటా విడదీసి, పాఠం చెప్పినట్టు చెప్పాను. అంతా అయ్యాక అమ్మ ప్రింటుని నా చేతిలో పెట్టి, కళ్లజోడు తీసి తుడుచుకుని, నన్ను చూసింది. అంత నిదానంగా ఆవిడ నన్ను చూడటం ఎప్పుడూ లేదు.

"నీకు చిన్నప్పట్నుంచీ దాని మీద కుళ్లే," అంది. "దానికి నూనె రాస్తుంటే గుమ్మంలో నిలబడి ఎట్టా చూసేదానివో నాకు తెలీదనుకున్నావా? ఉన్న ఇల్లు నీది, పేరు నీది, నేనూ నీ దగ్గరే పడున్నాను. చచ్చిపోయిందానికి మిగిలింది ఆ ఒక్క ఫోటో. అదీ నీదేనంటావా?"

నిజం నా చేతిలో ఉంది, ఆవిడ దాన్ని చూసింది, చూసి పక్కన పెట్టింది. ఏభై ఏళ్లు రోజూ సాయంత్రం ముద్దుపెట్టుకున్న ముఖమే బిడ్డ ముఖం అవుతుంది, కన్నది ఎవరినైనా. నేను బతికుండి ఆవిడకి ఏమీ కాలేకపోయాను. చనిపోయి మాత్రం ఆవిడ ప్రాణమయ్యాను.

లహరి ఆ రోజు వెళ్లిపోతానంది. నేనే ఆపాను. వచ్చిన పని చేసుకుపొమ్మన్నాను. ముందు గదిలో రెండు కుర్చీలు పక్కపక్కన వేసింది. అమ్మని మంచం మీద నుంచి లేపి ఒకదాంట్లో కూర్చోబెట్టి, గోడ మీది ఫ్రేము దించి చేతికిచ్చింది. రెండో కుర్చీలో నేను, ఎవరూ తమ పిల్ల అనని పెట్టెలోని సలోమి ప్రింటుని పట్టుకుని. మా నాన్న కదలవద్దని కొట్టేవాడు. ఈ పిల్ల ఏమీ అనకుండా, మేము కదిలేదాకా కూర్చోవడానికి సిద్ధపడి కెమెరా వెనక నేల మీద కూర్చుంది. ఆయనకి ఒక్క గడి ఫిలిం దండగైతే ప్రాణం పోయేది. ఈమె గంటలు గంటలు వృథాగా పోనిస్తుంది, ఏదో ఒకటి రాకపోతుందా అని. ఎవరి పద్ధతి దయగలదో నేను చెప్పలేను. ఆయన నా ముఖం లాక్కున్నాడు, ఈమె తెచ్చి చూపించి, అది నాకిక తిరిగి రాదని కూడా చూపించింది.

నెల తర్వాత లహరి తన ఫోనులో ఆ పది నిమిషాలూ నాకు వేసి చూపించింది. "మీరు ఒక్కసారి కూడా కదల్లేదండి, ఆంటీ," అంది, కొంచెం నిరాశగా. నిజమే, కదల్లేదు. ముడి కూడా అలాగే ఉంది. కదిలింది అమ్మ. మూడో నిమిషంలో ఫ్రేముని రెండు చేతులా చుట్టుకుంది, గడ్డం దాని అంచు మీద ఆనించింది, పసిపిల్లని ఊపినట్టు ముందుకీ వెనక్కీ మెల్లగా ఊగింది. పాట కూడా ఏదో గొణిగింది. మా అమ్మ నన్ను అంతసేపు గుండెకి హత్తుకుని కూర్చోవడం నాకు తెలిసి అదే మొదటిసారి. పక్క కుర్చీలోనే ఉన్నాను. చెయ్యి చాపితే అందేంత దూరం. ఆవిడ మాత్రం ఒక్కసారి కూడా ఇటు తిరగలేదు.